వీపు మీది మట్టి

ఓహయో,
1947 డిసెంబర్ 8

తమ్ముడు కాజిమిర్‌కు,

నీ కూతురు ఇరీనాను విటోల్డ్‌కు ఇవ్వొచ్చా అని అడుగుతూ, "వరసగా పదకొండు ఆటలు ఓడిన జట్టువాడు సంసారం ఏం ఈదుతాడు?" అని కూడా రాశావు. మనుషుల్ని తోసుకుంటూ ఆడే ఈ అమెరికా ఫుట్‌బాల్‌లో ఆ జట్టు బట్టలు ఉతికేది నేను. అడగాల్సింది నన్నే.

ఆటలో ఎవడు ఎలా నిలబడ్డాడో చొక్కా చెబుతుంది. వెనక్కి నెట్టించుకున్నవాడి వీపంతా మట్టే. విటోల్డ్ ముందు వరసలో కొండల్లాంటి వాళ్లకు అడ్డం నిలబడతాడు. ఈ ఏడాదంతా వాడి చొక్కాకు రొమ్ము మీదే బురద, భుజాల దగ్గరే చిరుగులు. వీపు వైపు మాత్రం ఉతక్కుండానే మడతపెట్టొచ్చు.

నిన్న ఆఖరి ఆట చొక్కా తిప్పి చూస్తే వీపు నిండా మట్టి! అది పట్టుకుని వాడి దగ్గరికే వెళ్లాను.

"ఏంట్రా ఇది? చివరికి నిన్నూ పడేశారా?"

ఆరడుగుల మనిషి సిగ్గుపడిపోయాడు. "లేదత్తా, గెలిచాం కదా! ఈల మోగగానే వెల్లకిలా పడుకుని కాసేపు ఆకాశం చూశా."

ఆ చొక్కా ఇంకా ఉతకలేదు. పెళ్లి మాటలకు వచ్చినప్పుడు నువ్వే చూద్దువుగాని.

నీ అక్క