గుహ పుస్తకం, మడత కుర్చీలు

లోవెల్,

బంగాళాదుంపలూ కీమా ఓవెన్‌లో ఉన్నాయి, తిను. గుమ్మం ముందు మంచు ఎత్తిపొయ్యి, నేను డ్యూటీ నుంచి వచ్చేసరికి గడ్డకట్టుకుపోతుంది. శనివారం కదా అని కింది గదిలో బల్ల చుట్టూ కూర్చుని కథ చెప్పుకుంటూ ఆడే మీ రాక్షసుల ఆటకి కుర్చీలన్నీ వేశావు. అవి మడిచెయ్. ట్రాక్టర్ల ఫ్యాక్టరీ మూతపడ్డాక నీ స్నేహితులు తలో ఊరికి పోయారు, ఇంకెవరొస్తారు?

పెళ్లయినప్పట్నుంచీ ఇన్నేళ్లూ మీ అందరికీ వండిపెట్టి, పైన ఒక్కదాన్నే కూర్చుని మీ నవ్వులు విన్నాను. ఒక్కసారైనా ఆడుదువుగాని రమ్మనలేదు. పైగా నువ్వు చూసి ఆట నడిపే పుస్తకానికి దుమ్ము దులుపుతుంటే, “ఆ గుహ పుస్తకం తెరవకు! గుహలో ఏముందో ముందే తెలిసినవాళ్లు ఇంక ఆడటానికి పనికిరారు” అని కసిరావు.

ఆర్లీన్

అన్నట్టు, నేనది ఇప్పటికీ తెరవలేదు. నీ కుర్చీతో పాటు నాకూ ఒకటి ఉంచు, మడవకు.