కత్తిరించిన మందుల చీటీ

ఏలూరు, మంగళవారం

ఇంకా ఒళ్ళు మండిపోతోంది. ముదినేపల్లి నుంచి సునీతని తీసుకొచ్చారు. కాన్పయ్యాక దిగులుతో మంచం పట్టిన పిల్ల, నా మందులతో తేరుకుని బిడ్డని ఎత్తుకుంది. ఇవాళ మళ్ళీ గోడవైపు తిరిగి కూర్చుంది.

మందులెందుకు ఆపారని అడిగితే వాళ్ళాయన చీటీ తీశాడు. పైన నా పేరు, దాని కింద ‘సైకియాట్రిస్ట్’ అన్న మాట, అంతా కత్తెరతో కత్తిరించేశాడు.

“పిచ్చి డాక్టరు దగ్గరికెళ్తున్నామని ఊరంతా అనుకుంటారండీ. పేరు లేని చీటీకి షాపాయన మందులివ్వనన్నాడండీ.”

పది రోజులు! పరువు కోసం ఆ పిల్లని పది రోజులు మందుల్లేకుండా ఉంచాడు. అరిచేశాను. గ్రీకులో సైకియాట్రిస్ట్ అన్న మాటకి ఆత్మకి వైద్యం చేసేవాళ్ళని అర్థం, అందులో సిగ్గేముందని కడిగేశాను.

అతను తలొంచుకుని, “మరి బయట మీ బోర్డు మీద నరాల డాక్టరనే ఉంది కదండీ” అన్నాడు.

క్లినిక్ తెరిచినప్పుడు ఆ బోర్డు రాసినాయన, “సైకియాట్రిస్ట్ అని కూడా వేయమంటారా మేడం?” అని అడిగాడు.

నేనే వద్దన్నాను.