బండి మీద తీసిన ఫొటో

నవంబరు 12, బుధవారం. సాయంత్రం నుంచి ముసురు. వాకిట్లో పత్తి మీద పరదా కప్పాను.

కాలేజీ నుంచి బిడ్డను తీసుకొస్తుంటే, వెనక కూర్చుని నా వీపు ఫొటో తీయడం అద్దంలో కనిపించింది. బండి ఆపి అడిగాను.

"ఎవని బండెక్కినవో చూపియ్యమంటడు, బాపు. మా క్లాసు పిలగాడే. పంపకుంటే రేపు కొడ్తడు." మోచేతి మీద గోళ్ల గాట్లు చూపింది.

హెల్మెట్ తీసి వెనక్కి తిరిగాను. "వీపెందుకు? నా మొఖమే తీసి పంపు."

తీయలేదు. ఏడ్చింది. "అమ్మకు చెప్పకు. కాలేజీ బంద్ పెడ్తది."

"వాడు కొడితే నీ చదువెందుకు బంద్ పెడ్తం, బిడ్డా?"

అన్నాను గానీ, రేపు అదే క్లాసుకు ఎట్లా పంపేది? పంపకపోతే నా మాట ఇంకెప్పుడైనా నమ్ముతుందా?

పక్క గదిలో దాని ఫోన్ ఆగకుండా మోగుతోంది. ఇప్పుడు ఆగింది. ఎత్తినట్టుంది, నెమ్మదిగా ఏదో చెబుతోంది. రాయడం ఆపి, లేచి దాని దగ్గరికి వెళ్తున్నాను.