హోల్డాన్ అంటే ఆగాలి

చివరి సీటు, మధ్యాహ్నం ట్రిప్పు
మే 6, బుధవారం

అక్కకి,

తమ్ముడు నమస్కారాలతోనూ, వాటికి రెట్టింపు కోపంతోనూ రాస్తున్నది. నేనిక్కడ క్షేమం. నువ్వూ బావా పిల్లలూ క్షేమమనే అనుకుంటున్నాను. అడుగుదామంటే నా గొంతు వినగానే ఫోన్ పెట్టేస్తున్నావాయె. ఉత్తరాన్నయితే పెట్టేయలేవు కదా. చింపితే చింపు గానీ చదివి చింపు. అక్షరాలు ఒకదాని మీద ఒకటి ఎక్కితే విసుక్కోకు. నడుస్తున్న బస్సులో, ఒళ్ళో టికెట్ల సంచి పెట్టుకుని రాస్తున్నాను. ఈ డ్రైవరుకి గుంతలంటే ప్రాణం, ఒక్కటీ వదలడు.

బావ చేత చీటీ పంపావు. నీకు పిల్లల్ని చూడటం రాదు, ఈ సెలవుల్లో ఇక పంపేది లేదు అని. ఆ రెండు ముక్కలూ మూడు రోజులుగా నా చెవుల్లోనే మోగుతున్నాయి. అన్నం దిగడం లేదు.

నువ్వు కొని పంపిన టాబ్లెట్ బీరువాలో పెట్టి తాళం వేశాను. అవును, వేశాను. ఏం చేస్తావు? తాళంచెవి నా జేబులోనే ఉంది, ఇవ్వను గాక ఇవ్వను. మొదటి రోజు ఇద్దరూ దాన్ని ముందేసుకుని పొద్దుటి నుంచి కదల్లేదు. బ్యాటరీ అయిపోయిందో లేదో, బోర్ కొడుతోంది మామయ్యా అంటూ ఇల్లు పీకి పందిరేశారు. అప్పుడు తీశాను పాత దుప్పటి. ముగ్గురం దాన్ని చుట్టుకుంటే అదే బస్సు. ముందు చిన్నది డ్రైవరు, కళ్ళకు తువ్వాలు. మధ్యలో పెద్దది ప్యాసింజరు. వెనక నేను కండక్టర్ని, ఇంకెవరు!

ఈ బస్సుని చెవులతో నడపాలక్కా. కుళాయి చుక్కలు వినిపిస్తే వంటింటి స్టాపు. కింద కుట్టుమిషను గడగడలాడితే టైలరమ్మ స్టాపు. దారిలో ఏదైనా అడ్డం వస్తే నేను హోల్డాన్ అనాలి, ఎక్కడివాళ్ళు అక్కడ బిగుసుకుపోవాలి. రైట్ రైట్ అన్నాకే కదలాలి. ఒకసారి తప్పు స్టాపులో దింపారని పెద్దది ఎంత రభస చేసిందంటే, నిజంగానే గొడవేమోనని టైలరమ్మ చేతిలో కత్తెరతో పైకి పరిగెత్తుకొచ్చింది. ఆవిణ్ణి కూడా దుప్పట్లోకి లాగేసి టికెట్ కొట్టేశాం!

ఇంకో ఆటకి సంచి ఒక్కటి చాలు. బొత్తాం, సీసా మూత, తాళంచెవి, విరిగిన దువ్వెన వేసి, చూడకుండా తడిమి పేరు చెప్పమంటాను. చిన్నది దువ్వెన తడిమి చేపముల్లు అంది. మెట్ల మీద అడుగుల చప్పుడు విని ఎవరొస్తున్నారో చెప్పే ఆట కూడా ఉంది. నువ్వు పిల్లల్ని తీసుకెళ్ళడానికి వచ్చిన రోజు, నువ్వింకా మూడో మెట్టు మీద ఉండగానే పెద్దది చెప్పేసింది, అమ్మ వస్తోంది, కోపంగా ఉంది అని.

చిన్నదాని నుదురు చిట్లిందని కదా నీ బాధ. ఆడుకునే పిల్లలన్నాక దెబ్బలు తగలవా? రెండు కాళ్ళకు రెండు రంగుల మేజోళ్ళు వేసి పంపానని కూడా సాధించావట. బూట్లు కాళ్ళని కరిచాయా లేదా, అది చెప్పు.

అసలు ఈ ఆటలు నాకు నేర్పిందెవరు? అమ్మ షిఫ్టుకి వెళ్తూ బయట గొళ్ళెం పెట్టి వెళ్ళేది. నీకు ఎనిమిదేళ్ళు, నాకు ఐదు. వాన పడి కరెంటు పోతే నేను గుక్కపెట్టి ఏడిచేవాణ్ణి. అప్పుడు దుప్పటి చుట్టి, నన్ను ముందు నిలబెట్టి, వెనక నుంచి రైట్ రైట్ అన్న మహాతల్లి ఎవరమ్మా? మన దగ్గర ఏ టాబ్లెట్ ఉందని? నేను కండక్టర్నయ్యానంటే ఆ దుప్పటి చలవే. ఆ అక్కే ఇప్పుడు ఆ ఆటకే అడ్డం పడుతోంది. నేను మారను. దుప్పటి ఉతికి ఆరేశాను. పంపాల్సింది నువ్వు.

నీ మొండి తమ్ముడు

తా.క. కవరు అతికించి మళ్ళీ విప్పాను. మొండితనం మన ఇంటి జబ్బే గానీ, నీతో అబద్ధమాడటం నాకు చేతకాదు.

ఇది బస్సులో రాయలేదక్కా. నన్ను బస్సు దింపేసి మూడు నెలలైంది. టికెట్ల మీద అంకెలు మసకబారి, ఒకదానికి బదులు ఒకటి కొడుతుండేవాణ్ణి మరి. చూపు మధ్యలో నుంచి పోతోంది, అంచులు మిగిలాయి. పోయింది తిరిగి రాదన్నాడు డాక్టరు. వంటింటి బల్ల దగ్గర కూర్చుని, వరసవరసకీ కింద స్కేలు పెట్టుకుని రాస్తున్నాను. నీ చీటీ కూడా టైలరమ్మ చదివితేనే విన్నాను. ఆవిడ ముందు ఆ మాట వినాల్సి వచ్చింది.

పెద్దదానికి తెలుసు. వీధి చివర నిలబడి బస్సు నంబర్లు గట్టిగా చదివే ఆట కనిపెట్టింది అదే, నా కోసం. చెప్పొద్దని ఒట్టు వేయించుకున్నది నేను, దాన్ని తిట్టకు. ఇద్దరూ ఆ టాబ్లెట్‌లోకి చూసి పకపకా నవ్వుతుంటే, దేనికి నవ్వుతున్నారో నాకు కనపడలేదు. అందుకే తాళం వేశాను.

ఆ రోజు దారిలో స్టూలు ఉంది. తువ్వాలు చిన్నదాని కళ్ళకే ఉంది, నా కళ్ళకు లేదు. హోల్డాన్ అనాల్సింది నేను. అనలేదు. ఆ దెబ్బ నాదే, ఒప్పుకుంటున్నాను.

పిల్లల్ని చూడటం రాదన్నావు. నిజమే, చూడటం పోతోంది. చూసుకోవడం పోలేదు. ఇకనుంచి పెద్దది కండక్టరు, నేను ప్యాసింజర్ని, స్టూళ్ళన్నీ మంచం కింద. జాలిపడి పంపేట్టయితే అసలు పంపకు. ఆడుకోవడానికైతే శనివారం పంపు. నువ్వు కూడా రా, మూడో మెట్టు మీదే పోల్చుకుంటాను.

నువ్వు హోల్డాన్ అన్నావు, ఆగాను. రైట్ రైట్ కూడా నువ్వే అనాలక్కా.