ఎర్ర అంచు రెక్కలు

సిరిసిల్ల,
శుక్రవారం.

బిడ్డా సృజనా,

నాయిన దీవెనలు. ఇక్కడ అమ్మ, నేను, బట్ట నేసే మన సాంచ ముగ్గురం బాగానే ఉన్నాం. సాంచ చప్పుడే కొంచెం ఎక్కువైంది. కోరుట్ల హాస్టల్లో నువ్వు కడుపునిండా తింటున్నావా?

నీ ఉత్తరం అందింది. సైన్స్ ఫేర్ కోసం నువ్వు రెక్కలు నేయమన్న ఆ జంతువు పేరు అమ్మ ముందు పలకబోయి నా నాలుక మడతపడింది. క్వెట్జల్‌కోట్లస్ అట! డైనోసారూ కాదు, పక్షీ కాదు, ఎగిరే సరీసృపం అని రాశావు. ఎగిరినవాటిలో అంత పెద్దది మళ్లీ పుట్టలేదని, నిలబడితే జిరాఫీ అంత ఎత్తని చదివి వినిపిస్తే అమ్మ, "గంత పెయ్యి, గంత బరువు ఏసుకొని ఎట్ల ఎగిరిందో పాపం" అన్నది.

ఎర్ర అంచు ఎందుకు వేశావని అడిగావు. రెక్క కొస నుంచి రెక్క కొసకు పదకొండు మీటర్లన్నావు. అంటే రెండు చీరలు. చీర కొలత కనబడితే నా చెయ్యి ఊరుకోదు. పైగా అంచు లేని బట్ట ఆడబిడ్డ చేతికి ఇవ్వకూడదని మా అవ్వ అనేది. బూడిదరంగు గుడ్డకు ఎర్రంచు వేసి మురిసిపోయాను.

రెక్కల పక్కన నువ్వు రాసి పెట్టిన కార్డు చూశానా అని కూడా అడిగావు. చూడలేదు బిడ్డా. ఆ రోజు నేను తెచ్చిన గుడ్డ మీ బడిలో పరవగానే పిల్లలు "చీర కట్టిన డైనోసార్" అని పకపకా నవ్వారు. నువ్వు తల వంచుకున్నావు. నా వల్ల నీకు నామోషీ అయిందనుకున్నాను. చప్పుడు చేయకుండా వెళ్లిపోతుంటే గుమ్మం దగ్గర మీ యాస్మీన్ మేడం, "మీరు సృజన నాయినా?" అని అడిగింది.

"కాదు మేడం, గుడ్డ ఇచ్చి రమ్మంటే అచ్చిన" అన్నాను.

అమ్మ నీకోసం చేసిన సర్వపిండిని కూడా బస్సులో వెనక్కి తెచ్చాను. హాస్టల్లో బయటి తిండి తేనివ్వరని అమ్మకు అబద్ధం చెప్పాను.

నువ్వు తల వంచింది కార్డు మీద "నేసింది మా నాయిన" అని రాయడానికని నీ ఉత్తరంలో చదివి, సాంచ ఆపి కూర్చున్నాను. అంచు కత్తిరిద్దామని పిల్లలంటే నువ్వు ఒప్పుకోలేదట. నేనేమో కన్నబిడ్డనే కాదని వచ్చాను. సిగ్గుగా ఉంది తల్లీ.

ఆదివారం సర్వపిండి పట్టుకొని వస్తా. ముందు మేడం దగ్గరికే పోతా. అంతదాకా ఆగలేను గనుక, ఈ ఉత్తరం చివర నేను పెట్టిన సంతకం ఆమెకు చూపించు.

ఇట్లు,
సృజన నాయిన,
జలపతి.