నీ బాణీ నాకూ వచ్చు

అన్నా,

నువ్వు పోయి ఇవాళ్టికి ఏడాది. పొద్దున మన బ్యాండు శాలిబండలో ఒక పెళ్లికి వెళ్లింది. పెళ్లికొడుకు కారు అఫ్జల్‌గంజ్ ట్రాఫిక్‌లో ఇరుక్కుంది. ముహూర్తం ఇంకో ఐదు నిమిషాల్లో దాటిపోతుంది. నువ్వు కట్టిన బాణీకి గడియారాలు ఆగుతాయని పాతబస్తీలో పంతుళ్లందరికీ తెలుసు కదా. ఈ పంతులూ నా దగ్గరికొచ్చాడు.

"మీ అన్న బాణీ జర అందుకో. పిలగాడు వచ్చేదాంక ఆపకు."

ఇరవై ఏళ్లు నీ పక్కనే క్లారినెట్ ఊదాను. నేనూ బాణీలు కట్టాను. వాటికి ఏ గడియారమూ ఆగలేదు, వాటిని ఏ పంతులూ అడగలేదు. మనసు మండుతుండగానే నీది అందుకున్నాను. గోడమీద గడియారం ముల్లు ఆగింది. పెళ్లికొడుకు చెమటలు కక్కుకుంటూ వచ్చి పీటల మీద కూర్చునేదాకా కదల్లేదు.

పెళ్లికూతురి తండ్రి నా చేతులు పట్టుకుని, "అచ్చం మీ అన్న ఊదినట్టే ఉంది భాయ్" అన్నాడు. ఊదింది నేను, పేరు నీకు. పోయాక కూడా వదలవు.

ఆస్పత్రిలో, నీ కూతురు ఇంకా దారిలో ఉండగా, నువ్వు నన్ను ఒక్కటే అడిగావు. "తమ్మీ, బిడ్డ తొవ్వల ఉన్నది. వచ్చేదాంక నా బాణీ వాయించు."

నీ బాణీ నాకు రాదన్నాను. దొంగచాటుగా నేర్చుకుని అప్పటికే పదేళ్లు. నేను కట్టినదే ఊదాను. ముల్లు నడుస్తూనే ఉంది. నువ్వు తలుపు వైపే చూస్తూ, మంచం పట్టె మీద నా బాణీకి తాళం వేస్తూ పోయావు.