మార్తమ్మ టీచరు కుర్చీ

ముప్పయ్యేళ్లుగా హైడెల్‌బర్గ్‌లో కాపురముంటూ, జర్మన్‌లో తొమ్మిది నాటకాలు, మూడు నవలలు రాసిన ఛాయాదేవి అనే నేను, అరవై నాలుగో ఏట, పూర్తి తెలివితో, ఎవరి బలవంతమూ లేకుండా రాస్తున్న వీలునామా ఇది. ఇక్కడి చట్టానికి సొంత చేతిరాత, సంతకం ఉంటే చాలు, ఏ భాషైనా ఫర్వాలేదు. అందుకని తెలుగులో రాస్తున్నాను. దీన్ని అమలు చేయవలసిన మా అమ్మాయి ఉదయశ్రీకి చదవడానికి రెండు రోజులు పడుతుంది. పట్టనీ.

1. ఇల్లు, సామాను నా భర్త రవీంద్రనాథ్‌కు చెందాలి. నా ప్రతి నాటకానికీ ఇస్త్రీ చొక్కా వేసుకొచ్చి, ప్రతిదానిలోనూ నిద్రపోయిన మనిషి. నా రాతబల్ల మీద ఎండ బాగా పడుతుంది. కరివేపాకు కుండీలు ఇక దానిమీద పెట్టుకోవచ్చు.

2. "మా జర్మన్ల జ్ఞాపకాల గురించి భారతీయురాలివి నీకేం తెలుసు" అని నా మొదటి నాటకం తిప్పి పంపిన థియేటర్ పెద్దమనిషికి ఏమీ ఇవ్వడం లేదు. ఆయన ఊళ్లోనే అది మూడు సీజన్లు ఆడింది. ఈ దేశం మర్చిపోదామనుకున్నవి నేను గుర్తుచేశాను. ఆ గర్వం ఎవరికీ రాయను, నాతోనే వస్తుంది.

3. నా రచనల హక్కులన్నీ ఉదయశ్రీకి, నాకు బహుమతి తెచ్చిన 'టీచరమ్మ' నాటకం తప్ప.

4. అందులో రెండో ప్రపంచ యుద్ధం చివర్లో తూర్పు ప్రాంతాల నుంచి పారిపోయి వచ్చిన జర్మన్ టీచరు, బడిలో కుర్చీ ఇవ్వకపోతే రోజూ సొంత కుర్చీ నెత్తిన పెట్టుకుని వెళ్తుంది. అది నా కల్పన కాదు. ఇక్కడికి దగ్గర్లోని వాల్డార్ఫ్ ఊళ్లో ఉండే నా స్నేహితురాలు మేరీకుమారి మా వంటింట్లో చింతపండు పిసుకుతూ చెప్పిన సంగతి. తెనాలి దగ్గర పల్లెలో పదకొండేళ్లు అలా మోసింది వాళ్లమ్మ మార్తమ్మ. ఊరవతలి పేట మనిషని బడి కుర్చీ ముట్టనివ్వలేదు. ముట్టనివ్వనిది నాలాంటి ఇళ్లవాళ్లే. ఆ మాట రాసే దమ్ము లేక కథను జర్మనీకి మార్చాను.

మొదటి ప్రదర్శనకు మేరీ మూడో వరుసలో కూర్చుంది. నిలదీస్తుందేమోనని భయపడ్డాను. అయిపోయాక కోటు వేసుకుంటూ, "బాగుందక్కా. మా అమ్మ కుర్చీకి ఎడమ చెయ్యి ఉండేది కాదు," అంది. పన్నెండేళ్లయింది. మళ్లీ ఆ ఊసెత్తలేదు, మా ఇంటికి రావడమూ మానలేదు. నేను క్షమించమని అడగలేదు. పొగరు.

5. ఆ నాటకం హక్కులు మేరీకుమారికి, తర్వాత ఆమె కూతురు షారన్‌కు. ఆడించడమో ఆపేయడమో వాళ్లిష్టం. ఆడిస్తే పాత్ర పేరు మార్తమ్మ, ఊరు ఆ ఊరే. ఉదయా, పబ్లిషర్ నసిగితే ఈ కాగితం చూపించు.

6. థియేటర్‌వాళ్లు నాకిచ్చిన ఆ నాటకం కుర్చీ కూడా మేరీకుమారికే చెందాలి.

ఆరో అంశం నేనే కొట్టేస్తున్నాను. పొద్దున రంపం పెట్టి దాని ఎడమ చెయ్యి కోసేశాను. సంతకాలు కాగానే కుర్చీ తీసుకుని వాల్డార్ఫ్ రైలెక్కుతున్నాను. ఈ ఒక్కటి నేను పోయేదాకా ఆగకూడదు.

హైడెల్‌బర్గ్, 14 అక్టోబర్ 2025
(సంతకం) ఛాయాదేవి

సాక్షులు (చట్టం అడక్కపోయినా, మన అలవాటు కొద్దీ): వరదానం, మీనాక్షి